ఎవరూ అడగని ఒక రోజు

కోరుట్ల బజారులో నాకంటే గట్టి బేరగాళ్లు ఉండొచ్చు. కానీ ఎదుటి మనిషి నోరు మెదపకుండానే తన ధరను తానే నాలుగుసార్లు తగ్గించుకున్న ఘనత నాదొక్కదానిదే. నాలుగుతో ఆగి ఉంటే మా ఇంట్లోవాళ్లు నవ్వి ఊరుకునేవాళ్లు. నేను ఐదోసారి కూడా తగ్గాను. ఆ ఐదోసారి వదిలేసింది నా సొమ్ము కాదు, మేడిపల్లి పక్క ఊళ్లో ఒక ఇంటివాళ్ల వరికోత రోజు. ఇంత తెగువ మా వంశంలో ఎవరూ చూపించలేదు.

మాది బట్టల దుకాణం. తాత మూట నెత్తిన పెట్టుకుని ఊళ్లు తిరిగాడు. నాన్న గల్లా దగ్గర కూర్చున్నాడు. ఆయన తర్వాత ఆ పీట నాకొచ్చింది. నాకు అక్షరాలకంటే ముందు వచ్చిన విద్య, ధర చెప్పాక నోరు మూసుకోవడం. ధర పడ్డాక ముందు ఎవరు మాట్లాడితే వాళ్లు దిగినట్టే. నాన్న ఆ సమయంలో మడతపెట్టిన చీరనే విప్పి మళ్లీ మడతపెట్టేవాడు. రెండో మడతకు గిరాకీ మాట్లాడేది. మూడో మడతదాకా ఆగిన మనిషిని నేను చూడలేదు, ఫిన్లాండ్ ఆమె వచ్చేదాకా.

ఆమెను మొదట చూసింది సిరిసిల్లలో. లైనింగు గుడ్డ కోసం పోతే, మరమగ్గాల షెడ్డు ముందు స్టూలు మీద ఒక తెల్లామె కూర్చుని ఉంది. అరవై ఏళ్లు దాటి ఉంటాయి. పక్కన మూడుకాళ్ల స్టాండు, దాని మీద కెమెరా. మగ్గాలను అక్కడివాళ్లు సాంచాలంటారు. ఆ సాంచాల మోత పళ్లలోకి ఎక్కుతోంది. ఆమె మాత్రం నీళ్ల ఒడ్డున కూర్చున్నట్టు కూర్చుంది.

"మూడు దినాలసంది గిట్లనే" అన్నాడు షెడ్డు యజమాని నా చెవి దగ్గర. "కెమెరా వెడ్తది, కూసుంటది. చాయ్ పోస్తే తాగుతది. మాట్లాడది. నాకైతే బుగులైతున్నది, కరెంటు లెక్క గిట్ల రాసుకపోతున్నదా ఏంది!"

నేను వెనక నిలబడి కెమెరా తెరలోకి చూశాను. షెడ్డు గుమ్మం, గుమ్మంలోంచి పడుతున్న ఎండ, ఎండలో ఎగురుతున్న నూలు దుమ్ము. అంతే. పది నిమిషాల్లో ఒక మనిషి కూడా దాటలేదు. ఆమె ఆపలేదు. దీన్ని ఎవరు కొంటారని నాకు అనుమానం వచ్చింది. ఈ సరుకుకు కూడా గిరాకీ ఉందంటే ఇందులో మనకేదో దొరుకుతుందనే ఆశ దాని వెనకే వచ్చింది.

చాయ్ దగ్గర మాటలు కలిపాను. నాది డిగ్రీ ఇంగ్లీషు, ఆమెది మాట మాటకూ మధ్య చోటుండే ఇంగ్లీషు. డాక్యుమెంటరీలు తీస్తుందట. ఎన్నో ఏళ్లుగా తన తండ్రి పొలం ఒక్కదాన్నే తీస్తూ వచ్చింది, మంచులో, వానలో, ఎండలో. తండ్రి పోయాక ఎవరూ దున్నలేదు. చెట్ల మొలకలు వచ్చాయి. మొదట మోకాలి ఎత్తు, తర్వాత భుజం ఎత్తు, ఇప్పుడు ఆమె నిలబడితే కనపడనంత ఎత్తు. ఫోనులో చూపించింది. ఒకే చోటు, ఒకే కోణం, పొలం అడవిగా మారిపోతూ ఉంది.

"మా దేశంలో అందరూ మేం అడవి మనుషులం అని చెప్పుకుంటారు" అంది. "కానీ మావాళ్లు ఆ అడవిని కొట్టి రాళ్లు ఏరి పొలం చేశారు. ఇప్పుడు అడవి తిరిగొచ్చింది. పొలం లేకపోతే మేం ఎవరమో నాకు తెలియట్లేదు."

తన పొలం పక్కన చూపించడానికి ఆమెకు ఇంకా బతికున్న పొలం ఒకటి కావాలి. పండిన పొలం, కోతకు ముందు చివరి ఉదయం. మనుషులు వద్దు, పాట వద్దు.

ఆ మాటల బరువు నాకు అప్పుడు అందలేదు. ఆమె అడిగిన సరుకు నా చేతికి అందే చోట ఉందని మాత్రం అర్థమైంది. పొలం, దారి, మాట సాయం, అన్నీ చూస్తానన్నాను. రోజుకు పదిహేను వేలన్నాను. ఆమె కప్పులోకి చూసింది. నేను ఆగాను. ఆమె ఇంకా చూసింది. పన్నెండు అన్నాను. ఆమె రోడ్డు వైపు చూసింది. పది. ఒక బస్సు పోయింది. ఎనిమిది. ఆ పైన భోజనం కూడా నాదే అన్నాను. అప్పటికి నా చెమట నా జాకెట్టుకే కాదు, షెడ్డు యజమానికి కూడా తెలిసింది.

"నేను ఆ పొలం ఎంత దూరమో ఆలోచిస్తున్నాను" అంది ఆమె. "మొదట చెప్పిందే బాగుంది. కానీ మీరు ఎనిమిది అన్నారు." నోటుబుక్కు తీసి ఎనిమిది అని రాసుకుంది. చెప్పిన మాటను అక్షరం మార్చకుండా రాసుకునే మనిషని అప్పుడే తెలిసింది. తెలిసిన సంగతిని నేను వాడుకోలేదు.

పొలం నాకు తెలిసినవాళ్లదే. మూడెకరాలు. ఆ ఇంట్లో నేను వరస కలిపి వదినె అని పిలిచే ఆమె, ఆమె మామ ఉంటారు. మామ ఒకప్పుడు తాటిచెట్లెక్కి కల్లు గీసిన మనిషి, ఇప్పుడు మోకాళ్లు సహకరించవు. వదినె భర్త గల్ఫులో ఉన్నాడు. కంపెనీ నాలుగు నెలలుగా జీతం ఇవ్వడం లేదు. కూతురు కరీంనగర్‌లో నర్సింగు చదువుతోంది. ఆ యాసంగి వడ్ల మీదే, ఎండాకాలపు ఆ కోత మీదే, ఆ పిల్ల ఫీజు నిలబడి ఉంది. ఇది నాకు ముందే తెలుసు. తెలిసీ చేశాను కాబట్టే రాస్తున్నాను.

కోత మిషన్ ఊళ్లో వంతు ప్రకారం తిరుగుతుంది. వాళ్ల వంతు గురువారం పొద్దున తొమ్మిదికి. వంతు వదిలితే మిషన్ పక్క ఊరికి పోతుంది, అక్కడ అయ్యాకే తిరిగొస్తుంది. మా ఏర్పాటు ప్రకారం తెల్లవారి వెలుగులో ఆమె పొలం తీసుకోవాలి, తొమ్మిదికి మిషన్ దిగాలి. ఎవరికీ నష్టం లేదు.

మరి నాలాంటిది ఊరుకుంటుందా? గిరాకీ వస్తుందంటే దుకాణం ముందు మంచి చీర వేలాడదీయకుండా ఉండగలనా? తెల్లారకముందే పోయి ముళ్లకంపకు చిక్కుకున్న ప్లాస్టిక్ కవర్లు ఏరించాను. దిష్టిబొమ్మను పీకించాను. వదినెకూ ఇంకో ముగ్గురికీ మా దుకాణంలోని కొత్త చీరలు కట్టించి, చేతుల్లో కొడవళ్లు పెట్టి గట్టు మీద వరుసగా నిలబెట్టాను. ఆ ఊళ్లో కొడవలితో వరి కోసి ఎన్నేళ్లయిందో వాళ్లకే గుర్తులేదు.

"గీ కొడవలి ఎటువైపు పట్టాలె సేటమ్మా?" అంది వదినె. మిగతావాళ్లు పడీ పడీ నవ్వారు.

ఫిన్లాండ్ ఆమె జగిత్యాల లాడ్జి నుంచి కారులో దిగింది. చూసింది. స్టాండు పెట్టింది, కెమెరా బిగించింది, దాని వెనక కూర్చుంది. మీట నొక్కలేదు. ఆమెకు కావలసిన వెలుగు గింజల మీద పడింది, పాకింది, తెల్లబడింది. నేను సైగ చేసి ఆడవాళ్లను దింపేసరికి ఆ వెలుగు పోయింది. ఆమె ఏమీ అనలేదు. కోపం లేదు, నిట్టూర్పు లేదు. ఆ మౌనం నా మీద పనిచేయడం మొదలుపెట్టింది.

"రేపు" అన్నాను. "రేపు ఇదే టైముకు, ఎవరూ లేకుండా. మిషన్ ఆపిస్తాను."

ఆమె నా వైపు తిరిగింది. "వాళ్లు ఆగగలరా?"

"ష్యూర్" అన్నాను.

మా బజారులో ఆ మాటకు అర్థం 'చూద్దాం' అని. ఆమె దాన్ని కూడా నోటుబుక్కులో రాసుకుంది.

వదినెను ఒప్పించడానికి నాకు అరగంట పట్టింది. "ఆమె శానా బతిమిలాడుతున్నది వదినె" అన్నాను. ఆమె బతిమిలాడనే లేదు. "గంత దూరంకెల్లి అచ్చింది, ఒక్క దినం." ఆ రోజుకు రెండు వేలు నేనిస్తానన్నాను. వదినె మామ వైపు చూసింది. ఆయన గట్టు మీద కూర్చుని తల పైకెత్తి ఉన్నాడు.

"గాలి ఆగింది బిడ్డా" అన్నాడు కోడలితో. "ఎండల్ల గాలి ఆగుడు మంచిది గాదు."

"ఏం గాదు మామా, ఫోన్‌ల చూసిన, వాన లేదు" అన్నాను. నేను చూసింది కరీంనగర్ వాతావరణం.

"ఒక్క దినమే గదా?" అంది వదినె నాతో. "మీ నాయన మాట మీద మేం బట్టలు కొన్నం సేటమ్మా. నీ మాట మీద గిది."

ఆమె మిషన్ అతనికి ఫోన్ చేసి వంతు వదిలింది.

మధ్యాహ్నం మూడింటికి దుకాణంలో ఉన్నాను. ఫోన్ మోగింది.

"సేటమ్మా, బయటికచ్చి చూడు."

చూశాను. పడమటి దిక్కున ఆకాశం ఇనుప పెట్టె రంగులో ఉంది. బజారులో ఎదురు దుకాణాల వాళ్లు బయట వేలాడదీసిన బట్టలు లోపలికి తీస్తున్నారు.

"మిషన్ యాడున్నది?"

"మల్యాల దిక్కు పోతున్నదట. నా ఫోన్ ఎత్తుతలేడు. నువ్వు జెర పోయి తోల్కరా."

స్కూటీ తీశాను. మేడిపల్లి దాటుతుంటే గాలి మొదలైంది. రోడ్డు మీద ఆరబోసిన వడ్ల కుప్పల దగ్గర ఆడా మగా టార్పాలిన్ పరదాలు పట్టుకుని పరుగులు పెడుతున్నారు. జగిత్యాల ఇంకా రాకముందే, రోడ్డు పక్క చాయ్ బండి దగ్గర మిషన్ ఆగి ఉంది. దాని యజమాని బిస్కెట్ ముంచుకుంటున్నాడు.

"అన్నా, మిషన్ ఎనుకకు మలుపు. మూడెకరాలు, ఇప్పుడే కొయ్యాలె."

అతను ఆకాశం చూశాడు, నన్ను చూశాడు. రెండింటినీ చూసి ధర కట్టాడు. "గంటకు నాలుగు వేల ఐదు వందలు."

"ఏందన్నా, పొద్దున రెండున్నర గదా!"

"పొద్దున మొగులు లేదు గదక్కా."

ఇక్కడ నేను చేసింది చెప్పడానికి సిగ్గుగా ఉంది. సరే అనాలి. నోరు తెరిచి మూడున్నర అన్నాను. అతను నవ్వి, గ్లాసు కింద పెట్టి, నాలుగు మీద రెండు వందలన్నాడు. నేను మూడు మీద ఎనిమిది వందలన్నాను. ఇద్దరం బజారు మనుషులం. చేతులు పైకీ కిందికీ ఊపుతూ, మధ్యలో నేను వెళ్లిపోతున్నట్టు స్కూటీ కూడా స్టార్ట్ చేశాను. ఎవరిని భయపెట్టడానికో నాకే తెలియదు. చాయ్ బండి ముసలమ్మ అంది, "ఓ పిల్లా, ఉరుముతున్నది, నీకు ఇనవడుతలేదా?" నాలుగు వేలకు తెగింది. పది నిమిషాలు పట్టింది. గెలిచానన్న సంతోషం కూడా కలిగింది, ఒక్క క్షణం.

మిషన్ వెనక్కి నడిచిన దారంతా నేను దాని ముందు స్కూటీ మీద, ఎడ్లబండి ముందు పరిగెత్తే కుక్కలాగా. పొలంలో దిగేసరికి అయిదు. వదినె ఏ మూల నుంచి మొదలుపెట్టాలో చెయ్యి చూపించింది. దుమ్ములో మిషన్ లైట్లు వెలిగాయి. ఒక సాలు, తిరిగి ఇంకో సాలు. ట్రాక్టరు ట్రాలీలోకి వడ్లు పడుతున్న చప్పుడు. నేను కోసిన భాగం, మిగిలిన భాగం చూస్తూ, ఆకాశం చూస్తూ, మళ్లీ మిగిలిన భాగం చూస్తూ నిలబడ్డాను. నా జీవితంలో అంత మెల్లగా నడిచిన మిషన్‌ను చూడలేదు.

ఫిన్లాండ్ ఆమె కూడా వచ్చింది. జగిత్యాలలో మబ్బు చూసి బయల్దేరిందట. కెమెరా కారులోంచి తీయలేదు. నా పక్కకొచ్చి, "కోత రేపు కదా?" అని అడిగింది. సరిగ్గా అప్పుడే మొదటి వడగండ్ల రాయి మిషన్ రేకు మీద పడింది.

రాళ్లు రేగుపళ్లంత, కొన్ని నిమ్మకాయంత. మామ, వదినె, ఆమె, నేను, నలుగురం నాలుగు మూలలు పట్టి ట్రాలీ మీద పరదా లాగాం. వీపు మీద పడుతున్నా ఆమె తన మూల వదలలేదు. డ్రైవర్ మిషన్ ఆపి దాని కింద దూరాడు. పొలం చప్పుడు మారిపోయింది. అంతవరకూ గింజల బరువుతో గలగలలాడిన వరి మీద ఎవరో కర్రలతో బాదుతున్నట్టు ఉంది. పావుగంటలో అయిపోయింది. తల ఎత్తితే నిలబడి ఉన్న కంకి ఒక్కటీ లేదు.

మర్నాడు తెల్లవారి, నేను బేరమాడి తెచ్చిన ఆ ఉదయం, ఎంతో అందంగా వచ్చింది. కడిగిన ఆకాశం. ఫిన్లాండ్ ఆమె గట్టు మీదకొచ్చింది, కెమెరా సంచి భుజానే ఉంది. వదినె పాత చీర పైకి దోపుకుని, పడిపోయిన వరిలో వంగి కంకులు పైకి లేపి చూస్తోంది. గింజ చాలావరకు మట్టిలో ఉంది. మమ్మల్ని చూసి నిటారుగా నిలబడింది.

"ఆమెను అడుగు సేటమ్మా" అంది. గొంతు పెంచలేదు. "నా మడి పండుకున్నంక ఆమె కండ్లు సల్లవడ్డయా అని అడుగు. గీ ఒక్క దినం అడిగి ఏం కట్టుకపోతదో అడుగు."

ఆమె నా వైపు తిరిగింది. "ఏమంటున్నారు?" అంది ఫిన్లాండ్ ఆమె.

ఆ ఇద్దరి మధ్యా దారి నేనొక్కదాన్నే. నా నోట్లో రెండు మూడు వాక్యాలు తయారుగా ఉన్నాయి, అన్నీ బాగా అమ్ముడుపోయేవి. ఆమె బాధగా ఉందంటోందని చెప్పొచ్చు. చలి చేసిందా అని అడుగుతోందని కూడా చెప్పొచ్చు. వదినె నా నోటినే చూస్తోంది. ఆమెకు ఇంగ్లీషు రాదు, కానీ వాక్యం పొడవు తెలుస్తుంది.

ఉన్నది ఉన్నట్టు చెప్పాను.

ఫిన్లాండ్ ఆమె మొహంలో రంగు పోయింది. "వాళ్లు ఆగగలరా అని నేను అడిగాను. మీరు ష్యూర్ అన్నారు. నేను ఆగమని అడగలేదు."

"ఏమన్నది?" అంది వదినె.

నాకు ఇంకా తప్పించుకునే సందు ఉంది. మామ గట్టు మీద నుంచి నన్నే చూస్తున్నాడు. ఎండ చెంప మీద కొడుతోంది.

"ఆమె అడగలే వదినె" అన్నాను. "నేనే ఇచ్చిన. ఆమె ఉత్తగ కూసున్నది, నాకు భయమైంది, నేనే ఇచ్చిన. బతిమిలాడిందని నీకు అబద్ధం చెప్పిన."

తిడుతుందనుకున్నాను. తిడితే బాగుండేది, తిట్లకు ఎదురు మాట్లాడటం నాకొచ్చు.

"ఉత్తగ కూసుంటెనే నా పంట ఇచ్చినవా? ఆమె జెర దగ్గితె ఇల్లు గూడ రాసిస్తువు" అంది. మామ తల దించుకున్నాడు, నవ్వాడో ఏమో చూడలేకపోయాను. వదినె ఫిన్లాండ్ ఆమెకు తన చేతిలోని వడ్లు చెరిగే చాట చూపించింది. "ఏరమను. ఏరినంక ఏం తీసుకుంటదో తీసుకోమను."

ఆమె సంచి గట్టు మీద పెట్టి, బూట్లు విప్పి దిగింది. మధ్యాహ్నందాకా ముగ్గురం వంగి ఏరాం, కోశాం, ఊడ్చాం. తర్వాత ఆమె కెమెరా పెట్టింది. ఫొటోలు తీసేవాళ్లు పారిపోయే నడినెత్తి ఎండలో, పడిపోయిన పొలాన్ని తీసింది. పని ఆపని వదినె ఒక మూల నుంచి వచ్చి, నెమ్మదిగా దాటి, ఇంకో మూల నుంచి పోయింది.

"ఇది మీ పొలం పక్కన పెడతారా?" అని అడిగాను.

"మా నాన్న కూడా ఒక ఏడు ఇలా ఏరాడు" అంది. "నేను అప్పుడు కిటికీలోంచి చూశాను. దిగలేదు."

కొన్ని నెలల తర్వాత ఆ ముక్క ఫోనుకు పంపింది. పదకొండు నిమిషాలు. పట్టుకెళ్లి వదినెకు చూపించాను. ఆమె గుమ్మంలో నిలబడే చూసింది, నన్ను లోపలికి రమ్మనలేదు. పదకొండు నిమిషాలూ కదలకుండా చూసి, తెర మీద ఒక మూల వేలు పెట్టింది. "గీడ చూడు. ఇంక రెండు చాటల గింజలున్నయి. మనం ఏరలే."

ఇక లెక్క. అంతకుముందు యాసంగిలో ఆ మూడెకరాలకు నూట ఎనభై రెండు బస్తాలు వచ్చాయి. ఈసారి మిషన్ కోసింది ఎకరం పది గుంటలు, అంటే ఎకరంపావు, డెబ్బై ఆరు బస్తాలు. ఏరి, ఊడ్చి తెచ్చుకున్నవి ఇరవై ఎనిమిది. పోయినవి డెబ్బై ఎనిమిది. కొనుగోలు కేంద్రంలో బస్తాకు తొమ్మిది వందల ఇరవై పడింది, మొత్తం డెబ్బై ఒక్క వేల ఏడు వందల అరవై. నేను డెబ్బై రెండు చేసి ఇవ్వబోతే వదినె పై రెండు వందల నలభై నా చేతిలోనే పెట్టింది. "నా వడ్ల పైసలు సాలు. నీ పైసలు నాకెందుకు?" అంది. ఆ రోజుకు ఇస్తానన్న రెండు వేలూ ముట్టుకోలేదు. ఫిన్లాండ్ ఆమె రెండు రోజులకు ఇచ్చిన పదహారు వేలు మొదట ఇచ్చాను, నర్సింగు ఫీజుకు అవి వెళ్లాయి. మిగతాది రెండు సీజన్లలో దుకాణంలోంచి తీర్చాను. మిషన్ కిరాయి వేరు, అదీ నాదే.

చాయ్ బండి దగ్గర నా బేరం వల్ల గంటకు అయిదు వందలు తగ్గింది. మిషన్ తిరిగింది గంటంపావు. మిగిలింది ఆరు వందల పాతిక. ఆ బేరానికి పట్టింది పది నిమిషాలు. పది నిమిషాల్లో ఆ మిషన్ ఆరేడు గుంటలు కోస్తుంది, అంటే పది బస్తాలు. డెబ్బై ఎనిమిదిలో అరవై ఎనిమిది నేనిచ్చేసిన ఆ ఒక్క రోజు వల్ల పోయాయి, అది వదినెకు చెప్పాను. చాయ్ బండి దగ్గర బేరంలో పోయిన ఈ పదింటి సంగతి ఇంతవరకూ చెప్పలేదు. డబ్బు ముట్టింది కాబట్టి ఆమె అడగదు.